దించుకోలేనిది దాచినట్టు కాదు

మా బాబాయి ముప్పై రెండేళ్ళు గుంటూరు జిల్లాలోని శాఖా గ్రంథాలయాలలో పనిచేసి పదవీ విరమణ చేశారు. ఆయన వద్ద ఒక చిన్న సాహిత్య మాసపత్రిక సంచికలు 137 ఉండేవి. అవి గ్రంథాలయానివి కావు; చందా కట్టి తెప్పించుకొని, ఏడాదికొక బైండు చొప్పున కుట్టించి దాచుకున్న సొంత ఆస్తి. ఆ పత్రిక ఎప్పుడో ఆగిపోయింది. సంపాదకులు కాలం చేశారు. వారి ఇంట కూడా పూర్తి సెట్టు లేదు.

2006 వేసవిలో సెలవు పెట్టి ఊరికి వెళ్ళినప్పుడు ఒక స్కానరు వెంట తీసుకువెళ్ళాను. కరెంటు ఉన్నంతసేపూ స్కాన్ చేసి, లేనప్పుడు బాబాయి చెప్పే కబుర్లు వింటూ, మూడు వారాలలో 31 సంచికలు పూర్తి చేశాను. సంపాదకుల కుమారుల అనుమతి అప్పటికే తీసుకున్నాను. తిరిగి వచ్చాక ఆ ఫైళ్ళన్నీ ఉచితంగా చోటిచ్చే ఒక గూటిలో పెట్టి, లంకె బాబాయికి పంపాను. ఆయన ఇంటర్నెట్ సెంటరుకు వెళ్ళి చూసుకొని, ఆ రాత్రి ఫోను చేశారు.

"బాగుందిరా. కాని ఒక సంగతి. పెట్టావు సరే, మళ్ళీ ఎట్లా తీసుకుంటావు?"

"నొక్కితే వస్తుంది బాబాయ్."

"ఒకటి నొక్కితే ఒకటి వస్తుంది. అన్నీ ఉన్నాయో లేవో ఎట్లా తెలుస్తుంది?"

పెద్దవాళ్ళ చాదస్తమని నవ్వి ఊరుకున్నాను. నవ్వడంతో ఆగినా బాగుండేది. ఆ మరుసటి ఏడాది వారు ఇల్లు మారుతున్నప్పుడు, "స్కాన్ అయిపోయినవాటిని మోయడమెందుకు బాబాయ్, అవి ఎక్కడికీ పోవు" అన్నాను. నా మాట నమ్మి ఆ మొదటి బైండ్లను పాత కాగితాలవాడికి ఇచ్చేశారు. 2012లో ఆ గూడు మూతబడింది. ముప్పై రోజుల గడువుతో ఒక నోటీసు పంపారట. అది నేను వాడడం మానేసిన మెయిలుకు వెళ్ళింది. నా సొంత డిస్కు అంతకుముందే పాడైంది. డాలస్‌లో ఉండే ఒక మిత్రుడు ఎప్పుడో సరదాగా దించుకున్న 12 సంచికలు తిరిగి దొరికాయి. తక్కిన 19 సంచికలు ఇప్పుడు కాగితం మీదా లేవు, తెర మీదా లేవు.

ఆ గూటి పేరు చెప్పను. అది ఇప్పుడు లేదు. ఉన్నా తప్పు దానిది కాదు. పెట్టడాన్నీ దాచడాన్నీ ఒకటే అనుకోవడం నా తప్పు. ఈ వ్యాసంలో నేను చెప్పదలచుకున్నది ఒక్కటే: తెలుగు పుస్తకాలను అంతర్జాలంలో పెట్టే ఏ చోటునైనా అది ఎన్ని పుస్తకాలు ఎక్కించిందన్న లెక్కతో కొలవకూడదు. పెట్టినవన్నీ, పెట్టినవి పెట్టినట్టుగా, సరిచూసుకొని తిరిగి దించుకోగలమా అన్నదే కొలత. అందుకు కంటితో చూసే పుట చాలదు; యంత్రం చేత అడిగించుకోగల ద్వారం కావాలి. సాంకేతికులు దానినే ఏపీఐ అంటారు.

ఆ మాట వినగానే ఇది ప్రోగ్రామర్ల గొడవ అని కొందరు పాఠకులు పక్కకు తప్పుకుంటారని తెలుసు. కొంచెం ఆగండి. ఇది గ్రంథాలయానికి సంబంధించిన గొడవే.

బాబాయి పనిచేసిన ప్రతి శాఖా గ్రంథాలయంలోనూ ఆక్సెషన్ రిజిస్టరు అని ఒక పెద్ద పుస్తకం ఉండేది. లోపలికి వచ్చిన ప్రతి గ్రంథానికీ అందులో ఒక వరుస సంఖ్య పడుతుంది. ఒకసారి పడిన సంఖ్యను మరో పుస్తకానికి ఇవ్వరు. ఏడాదికొకసారి స్టాక్ వెరిఫికేషన్ జరుగుతుంది: రిజిస్టరు ఒకరు చదువుతుంటే బీరువా దగ్గర ఇంకొకరు పుస్తకం తీసి చూపాలి. బీరువా ఎంత నిండుగా కనిపించినా, రిజిస్టరుతో సరిపోలకపోతే సంతకం పడదు. చూడటానికి వచ్చిన పాఠకుడికి ఈ రిజిస్టరు కనబడదు. అతనికి కావలసింది బీరువా. కాని రిజిస్టరు లేని బీరువాను గ్రంథాలయమని ఎవరూ అనరు.

వెబ్ పుట బీరువా వంటిది. ఏపీఐ, ఆ రిజిస్టరూ, దానిని చూపమని అడగగల హక్కూ కలిసినటువంటిది. "ఈ పేరుతో ఈ ఫైలును ఉంచు" అని ఒక ఆదేశం. హెచ్‌టీటీపీ భాషలో దాని పేరు పుట్. "ఈ ఫైలు ఇవ్వు" అని మరొకటి, అది గెట్. "దీనిని తీసివేయి" అన్నది డిలీట్. నీ దగ్గర ఏమేమి ఉన్నాయో జాబితా చెప్పమనేది ఇంకొకటి. ఈ నాలుగింటిలో మొదటిది మాత్రం అందరూ ఉదారంగా ఇస్తారు. జాబితా అడిగేసరికి చాలామందికి మాట పడిపోతుంది.

మన అనుభవంలోనే దీనికి పెద్ద ఉదాహరణ ఉంది. చిత్తూరు జిల్లాలో పుట్టి అమెరికాలో కంప్యూటరు శాస్త్రజ్ఞుడిగా పేరు గడించిన రాజ్ రెడ్డి గారి చొరవతో, కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం నుండి పది లక్షల గ్రంథాల పథకం ఒకటి 2000ల తొలి సంవత్సరాలలో మొదలైంది. భారతదేశంలో బెంగళూరు ఐఐఎస్సీ, హైదరాబాదు ట్రిపుల్ ఐటీ వంటి సంస్థలు అందులో చేరి నడిపినదే డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా. వేల కొద్దీ తెలుగు పుస్తకాలు అందులోకి ఎక్కాయి. ఆ కాలపు తెలుగు పాఠకులకు అది నిధి. మా తాతగారి తరం పేర్లు మాత్రమే విన్న పుస్తకాలను నేను మొదటిసారి చూసింది అక్కడే. ఆ పని చేసిన వారిపట్ల కృతజ్ఞత లేకుండా ఈ మాట అనడం లేదు.

కాని ఆ నిధికి ద్వారం లేదు. ఒక్కొక్క పుట ఒక్కొక్క టిఫ్ బొమ్మగా ఉండేది; ఎనిమిది అంకెల సంఖ్యే దాని పేరు. చదవాలంటే బ్రౌజరుకు ప్రత్యేకమైన తగిలింపు కావాలి. పుస్తకం మొత్తాన్ని ఒకేసారి ఇవ్వమని అడిగే వీలు లేదు. అందుచేత కొందరు ఔత్సాహికులు, ఒకటో సంఖ్య నుండి మొదలుపెట్టి పుట రాకుండాపోయేవరకు అడుగుతూ వెళ్ళే చిన్న ప్రోగ్రాములు రాసుకున్నారు. మధ్యలో ఒక పుట తప్పిపోతే ఆ సంగతి ప్రోగ్రాముకు తెలియదు, మనకూ తెలియదు. కథ 84వ పుటలో ఆగి 86వ పుటలో మొదలయ్యేది. అది స్కానింగులో పోయిందా, దించుకోవడంలో పోయిందా అని అడగడానికి ఎదుట రిజిస్టరు లేదు.

2017 నాటికి ఆ గ్రంథాలయపు సర్వర్లు అందుబాటులో లేకుండా పోయాయి. ఈనాడు ఆ పుస్తకాలలో లక్షల సంఖ్యలో మనకు మిగిలాయంటే, కార్ల్ మాలముద్ అనే అమెరికన్ నడిపే పబ్లిక్ రిసోర్స్ సంస్థ వాటిని అంతకుముందే దించుకొని ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో పెట్టడం వల్లనే. మన పుస్తకాలు బతికింది మనవారు ఎక్కించినందుకు కాదు, పరాయివాడొకడు దించుకున్నందుకు. ఈ వాక్యం రాయడానికి నాకు సిగ్గుగానే ఉంది.

దించుకున్నవాటితోపాటు వాటి వివరాలూ వచ్చాయి, వచ్చినట్టే. రచయిత పేరుండవలసిన చోట "లభ్యం కాదు" అని. గ్రంథం పేరు ఇంగ్లీషు అక్షరాలలో, ఎవరికి తోచిన పద్ధతిలో వారు కూర్చినట్టుగా. ముఖపత్రం మీద కవి పేరు అంగుళం ఎత్తున అచ్చయి కనిపిస్తుంటే, పక్కన "లభ్యం కాదు" అని చదవడం ఒక వింత అనుభవం. తెలుగులో వెతికితే ఆ పుస్తకం దొరకదు. ఉన్నదన్న సంగతి ముందే తెలిసినవాడికి మాత్రమే అది ఉన్నట్టు.

ఇక నా రెండవ ప్రయత్నం గురించి. మిగిలిన 106 సంచికల కాగితాలు బాబాయి ఇంట్లోనే ఉన్నాయి. వాటిని నాలుగు విడతలుగా స్కాన్ చేశాను. డాలస్ మిత్రుడి 12 కలిపితే 118. రచయితల వారసులలో ఆచూకీ తెలిసిన వారందరినీ అడిగాను. ఒకరు ఒప్పుకోలేదు, వారి తండ్రిగారి కథ ఉన్న పుటలను తీసివేసి, తీసివేశానని వివరంలో రాశాను. మన చట్టం ప్రకారం రచయిత మరణించిన మరుసటి ఏడాది నుండి అరవై ఏళ్ళ వరకు హక్కులు వారసులవే. 1979లో కన్నుమూసిన చలం రచనలు కూడా 2039 చివరిదాకా స్వేచ్ఛగా దొరకవు. ఈ విషయంలో తొందరపడేవారిని నేను సమర్థించను. కాలం తీరిందో లేదో చూసుకోకుండా ఎక్కించినవి ఒకనాడు తీసివేయబడతాయి. వాటితోపాటు పక్కనున్న మంచివి కూడా అనుమానం పాలవుతాయి.

చోటుగా ఇంటర్నెట్ ఆర్కైవ్‌నే ఎంచుకున్నాను. బ్రూస్టర్ కేల్ 1996లో శాన్‌ఫ్రాన్సిస్కోలో స్థాపించిన ఈ లాభాపేక్షలేని సంస్థకు, అమెజాన్ వారి ఎస్3 పద్ధతిని అనుకరించిన ఏపీఐ ఒకటి ఉంది. ఎస్3 భాషలో ఫైళ్ళుండే పాత్రను బకెట్ అంటారు. ఆర్కైవ్‌లో ఒక్కొక్క ఐటమ్ ఒక్కొక్క బకెట్. ఖాతా తెరిచి ఒక జత తాళంచెవులు తీసుకోవాలి: ఒకటి మనం ఎవరమో చెప్పేది, రెండవది ఎవరికీ చెప్పకూడనిది. ఆ తాళాలతో ఫైలును పుట్ చేస్తూ, బకెట్ లేకపోతే నువ్వే చేసుకో అని ఒక హెడ్డరు పంపితే, ఐటమ్ ఏర్పడుతుంది. పేరు, రచయిత, తేదీ, భాష అన్నీ అట్లాగే హెడ్డర్లుగా వెళతాయి.

ఇక్కడే తెలుగువాడికి మొదటి ముల్లు గుచ్చుకుంటుంది. హెచ్‌టీటీపీ హెడ్డరు ఇంగ్లీషు అక్షరాల కోసం పుట్టినది. అందులో తెలుగును తిన్నగా పెడితే అవతలికి చేరేసరికి ఏమవుతుందో హామీ లేదు. అందుకని యూఆర్ఐ అనే మాట రాసి, కుండలీకరణంలో తెలుగును శాతం గుర్తుల సంకేతంగా మార్చి పంపమన్నారు. యూనికోడ్‌లో మన ప్రతి అక్షరరూపమూ, ప్రతి గుణింతపు గుర్తూ మూడేసి బైట్లు. ఒక్కొక్క బైటు ఒక శాతం గుర్తు, రెండు అంకెలుగా మారుతుంది. "తెలుగు" అన్న మూడక్షరాల మాటలో ఆరు సంకేతాలున్నాయి. అది 18 బైట్లయి, చివరకు 54 గుర్తుల తోరణంగా వెళుతుంది. ప్రోగ్రాము చేసే పనే కనుక మనకు శ్రమ లేదు. ఆర్కైవ్ వారి పైథాన్ ఉపకరణం వాడితే ఈ మార్పు సంగతే కనబడదు. అయినా ఒకసారి చేత్తో చేసి చూశాను. మన భాష ఆ వాకిట్లోంచి వెళ్ళాలంటే ఎంత వంగాలో తెలిసింది. వంగినా లోపలికి వెళ్ళాక మళ్ళీ నిటారుగా నిలబడుతుంది. పుట మీద శుద్ధమైన తెలుగులో పేరు కనిపిస్తుంది. ఇంత సులువైన పనికి సోమరితనం వహించి, తెలుగు పుస్తకాల పేర్లను ఇంగ్లీషు అక్షరాలలో మాత్రమే పెట్టి వదిలేసే వారిని క్షమించడం నాకు కష్టం.

రెండవ ముల్లు గుర్తుపేరు. ప్రతి ఐటమ్‌కూ ఒక గుర్తుపేరు ఉంటుంది. అది ఇంగ్లీషు అక్షరాలు, అంకెలు, ఒకటి రెండు గుర్తులతోనే ఉండాలి. ఒకసారి పెట్టాక మనం మార్చుకోలేము. శీర్షికను ఎన్నిసార్లయినా దిద్దవచ్చు, దీనిని కాదు. ఆక్సెషన్ సంఖ్య ధర్మమే ఇదీ. ఈ సంగతి చదివి కూడా, తొందరలో మొదటి సంచిక గుర్తుపేరులో పత్రిక పేరు ఒక అక్షరం తప్పుగా కొట్టాను. అది ఇప్పటికీ అట్లాగే ఉంది. బాబాయితో చెబితే, "మా రిజిస్టర్లో కూడా 4,112 రెండుసార్లు పడిందిరా, పక్కన 'ఏ' అని రాసి సరిపెట్టాం" అన్నారు.

మూడవది పెద్దది. ఉన్న పేరుతోనే మరో ఫైలును పుట్ చేస్తే, పాతది పోయి కొత్తది కూర్చుంటుంది. "నిజంగానేనా?" అని ఎవరూ అడగరు. మీట నొక్కే పుటలయితే ఏదో ఒక హెచ్చరిక చూపుతాయి. ఏపీఐ మనం చెప్పినది మనకు తెలిసే చెప్పామనుకుంటుంది. జూన్ సంచికను దిద్ది మళ్ళీ పంపబోయి, జూన్ పేరుతో జూలైని పంపాను. వారం తరువాత సరిచూస్తే రెండు నెలల ఫైళ్ళ ఎండీ5 సంఖ్యలు ఒక్కటిగా ఉన్నాయి. ఇంట్లో అసలు ఉంది కనుక బతికాను. పాతదానిని చరిత్రలో ఉంచమని చెప్పే హెడ్డరు ఒకటి ఉంది. అది లేకుండా నేను ఇప్పుడు ఏదీ పంపను.

ఈ ఎండీ5 గురించి రెండు మాటలు చెప్పాలి. ఫైలులోని బైట్లన్నింటినీ ఒక లెక్కలో వేసి పిండితే 32 గుర్తుల సంఖ్య వస్తుంది. ఒక్క బైటు చెడినా ఆ సంఖ్య పూర్తిగా మారిపోతుంది. పంపేటప్పుడే ఈ సంఖ్యను జతచేస్తే, దారిలో చెడిన ఫైలును ఆర్కైవ్ స్వీకరించదు. స్వీకరించాక ప్రతి ఐటమ్‌కూ ఒక జాబితా తయారు చేస్తుంది: ఫైలు పేరు, పరిమాణం, ఎండీ5, షా1. ఈ జాబితాను చూడటానికి తాళంచెవి అక్కరలేదు. గుర్తుపేరు తెలిసిన ఎవరైనా, ఏ దేశం నుండైనా, మెటాడేటా ద్వారాన్ని అడిగి తెప్పించుకోవచ్చు. ఆ ఐటమ్ ప్రతులు ఏ రెండు సర్వర్ల మీద ఉన్నాయో కూడా అదే చెబుతుంది. బాబాయి 2006లో అడిగిన ప్రశ్నకు జవాబు ఇది. నేను అప్పుడు నవ్వాను.

ఎక్కించిన వెంటనే అన్నీ కనబడవు. వెనుక వరుసలో పనులు నడుస్తాయి: లోపల సర్దడం, రెండవ ప్రతి తీయడం, పీడీఎఫ్ నుండి అక్షరాలను గుర్తించి పాఠం తయారు చేయడం. మునుపు ఈ చివరి పని దగ్గర తెలుగు పుస్తకాల పక్కన "ఈ భాషను ప్రస్తుతం గుర్తించలేము" అన్న అర్థం వచ్చే మాట ఉండేది. 2020 తరువాత వారు టెస్సరాక్ట్ అనే స్వేచ్ఛా ఉపకరణానికి మారాక తెలుగు పాఠం కూడా వస్తోంది. వత్తులు తడబడతాయి, నిజమే. పాత అచ్చులో అరసున్న దగ్గర అది పడే పాట్లు చూడాలి. అయినా 1950ల నాటి ఒక సంచికలోని వాక్యాన్ని వెతికి పట్టుకోగలగడం చిన్న విషయం కాదు. భాష తెలుగు అని వివరంలో రాయకపోతే మాత్రం ఆ యంత్రానికి అది తెలుగని ఎవరు చెప్పాలి? మళ్ళీ వివరాల దగ్గరకే వస్తున్నాము.

నా వాదానికి వచ్చే అభ్యంతరాలు నాకు తెలుసు. వాటిలో ఒకటి: సామాన్యుడికి ఇవన్నీ ఎందుకు, పుట మీద మీట నొక్కి ఎక్కిస్తే చాలదా? ఒక పుస్తకానికి చాలు. పది పుస్తకాలకు ఓపిక ఉంటే చాలు. 118 సంచికలకు ఒక్కొక్కదానికి తొమ్మిది వివరాలు చేత్తో కొడితే, నలభయ్యో సంచిక దగ్గర చెయ్యి తప్పుతుంది, తప్పినట్టు తెలియదు. వివరాలన్నీ ఒక పట్టికలో రాసుకొని, ఇద్దరు చదివి సరిచూసుకొని, ఆ పట్టికను ప్రోగ్రాముకు ఇవ్వడమే మనుషుల పద్ధతి. మా పట్టికను బాబాయే సరిచూశారు; పదకొండు తప్పులు పట్టారు.

మరొకటి బరువైనది. అన్నీ ఒక్కసారిగా దించుకునే దారి ఇస్తే దొంగలు దించుకొని అచ్చువేసి అమ్ముకోరా? కొన్ని సంస్థలు పుటల మీద నీటిగుర్తులు వేసి, ఒక్కొక్క పుట మాత్రమే చూపి, దించుకోవడాన్ని బిగించేది ఈ భయంతోనే. నా అభిప్రాయంలో ఈ భయం తలకిందులైనది. అమ్ముకునేవాడికి ఒక్క మంచి పుస్తకం చాలు. వాడు ఒక రాత్రి కూర్చొని పుటపుటనూ తీసుకోగలడు. అన్నీ కావలసినది కాపాడేవాడికి మాత్రమే. అడ్డుగోడ కట్టినప్పుడు ఆగేది కాపాడేవాడు.

దించుకునేవాడికీ మర్యాద ఉండాలన్నది మాత్రం ఒప్పుకుంటాను. 2023 మే నెలలో, అమెజాన్ సర్వర్లపై నడుస్తున్న 64 యంత్రాల నుండి, ఆర్కైవ్‌లోని పాఠాల కోసం క్షణానికి పదుల వేల అడుగుళ్ళు వచ్చిపడి ఆ గ్రంథాలయం కొంతసేపు అందరికీ మూతపడింది. ఆ సంగతి కేల్ గారే వెల్లడించి, నెమ్మదిగా మొదలుపెట్టండి, ముందు మమ్మల్ని సంప్రదించండి అని కోరారు. రద్దీ ఎక్కువైనప్పుడు ఏపీఐ 503 అన్న సంఖ్యతో, కాస్త ఆగమని జవాబిస్తుంది. ఆగమన్నప్పుడు ఆగని ప్రోగ్రాము రాసినవాడు పెళ్ళి పంక్తిలో పక్కవాడి విస్తరి లాక్కునేవాడితో సమానం. నా ప్రోగ్రాము 503 వస్తే ఐదు నిమిషాలు కునుకు తీసి లేస్తుంది. 118 సంచికలు ఎక్కడానికి మూడు రాత్రులు పట్టింది. పట్టనివ్వండి, ఆ పత్రిక వెలువడడానికి పన్నెండేళ్ళు పట్టింది.

ఇంతగా పొగిడిన ఆర్కైవ్ చిరంజీవి అని నేను నమ్మడం లేదు. 2024 సెప్టెంబరులో ప్రచురణకర్తలు వేసిన వ్యాజ్యంలో అప్పీలు కోర్టు దానికి వ్యతిరేకంగా తీర్పునిచ్చింది. అదే ఏడాది అక్టోబరులో దొంగలు చొరబడి దాదాపు 3 కోట్ల 10 లక్షల ఖాతాల వివరాలు ఎత్తుకుపోయారు. కొన్ని రోజులు మొత్తం మూతపడింది. తెరిచాక కూడా మొదట చదవడానికి మాత్రమే తెరిచారు. ఆ రోజులలో నాకు 2012 గుర్తుకు వచ్చింది. కాని ఈసారి గుండె అంత వేగంగా కొట్టుకోలేదు. నా 118 ఇంట్లో ఒక డిస్కులోనూ, హైదరాబాదులో చెల్లెలి ఇంట మరొక డిస్కులోనూ ఉన్నాయి. అవి ఆర్కైవ్ నుండి ఏపీఐ ద్వారా దించుకొని, ఎండీ5 సరిచూసి పెట్టినవే. పంపినవి కాదు, తిరిగి తెచ్చుకున్నవి. ఈ తేడా చాలామందికి పట్టింపుగా తోస్తుంది. తిరిగి తెచ్చుకొని చూసినప్పుడే కదా, జూన్ స్థానంలో జూలై ఉన్న సంగతి బయటపడింది.

ఆర్కైవ్ ఎంత పెద్దదైనా ఒక చోటే. దాని మంచితనమల్లా, తనను నమ్మవలసిన అవసరం లేకుండా చేయడం. తనలో ఉన్నదంతా దించుకోనిచ్చే గ్రంథాలయం, తాను రేపు లేకపోయినా పుస్తకం ఉండేటట్టు చేస్తుంది. 1918లో వేటపాలెంలో సారస్వత నికేతనం పెట్టినవారి వంటి వారు, ఊరూరా పుస్తకం నకలు ఉండాలని తిరిగిన ఆ తరం, ఈ న్యాయాన్ని మనకన్నా బాగా ఎరుగుదురు.

కనుక తెలుగు పుస్తకాలను, పత్రికలను డిజిటల్ రూపంలో ఉంచుతున్న విశ్వవిద్యాలయాలకు, అకాడమీలకు, పత్రికల యాజమాన్యాలకు నా విన్నపం పెద్దదేమీ కాదు. గొప్ప ఏపీఐ కట్టించమని అడగడం లేదు. దానికి నిధులు లేవంటారు, ఒప్పుకుంటాను. ప్రతి పుస్తకానికీ మారని చిరునామా ఒకటి ఇవ్వండి. మీ దగ్గర ఉన్నవాటి జాబితాను ఒక మామూలు పాఠ్యఫైలుగా, పేరు తెలుగులో, పరిమాణం, ఎండీ5 సహా, అందరికీ అందేచోట ఉంచండి. నెలకొకసారి దానిని తాజాపరచండి. హక్కులు తీరినవాటిని మొత్తంగా దించుకోనివ్వండి. ఒక ఉద్యోగి ఒక పూటలో చేయగల పని ఇది. దానిని చదివి తక్కినది చేసుకునే పిల్లలు మన ఇంజనీరింగు కళాశాలలనిండా ఉన్నారు. తెలుగు వికీసోర్సులో పనిచేసేవారు ఆర్కైవ్ నుండి కామన్స్‌కు పుస్తకాలు తరలించేది ఇటువంటి ద్వారాల మీదుగానే.

ఎక్కించేవారికి కూడా ఒక మాట. ఈ ఏడాది ఎన్ని పుస్తకాలు ఎక్కించారన్న సంఖ్య నాకు చెప్పకండి. వాటిలో ఎన్నింటిని తిరిగి దించి చూశారో చెప్పండి.

మొన్న ఊరికి వెళ్ళినప్పుడు 118 సంచికల జాబితాను అచ్చుతీసి బాబాయికి ఇచ్చాను. ఎనభై దాటినా కళ్ళజోడు సవరించుకొని, ఒక్కొక్క గుర్తుపేరూ వేలు పెట్టి చదివారు. తరువాత బీరువాలోంచి గీతల నోటుపుస్తకం ఒకటి తీశారు. పత్రికకు చందా కట్టిన నాటి నుండి ఏ సంచిక ఏ రోజు టపాలో అందిందో అందులో రాసి ఉంది. ప్రతి వరుస చివరా కొత్త గుర్తుపేరూ, ఎండీ5లో చివరి ఆరు గుర్తులూ ఎక్కించమన్నారు. ఆ సాయంత్రమంతా ఆయన చదువుతుంటే నేను రాశాను. పోయిన 19 వరుసల దగ్గరకు వచ్చినప్పుడు అడ్డంగా గీత కొట్టబోతే చెయ్యి పట్టుకున్నారు. "గీత కొట్టకు. పెన్సిలుతో 'రావాలి' అని రాయి" అన్నారు. రాశాను. ఆ చందాదారుల జాబితాలో తెనాలివారు ముగ్గురు ఉన్నారట. వచ్చే నెల ఆ ఇళ్ళు వెతుక్కుంటూ ఇద్దరం వెళుతున్నాము.